ఇంక్రిమెంట్ తేదీ చెదరకుండా సెలవు పెట్టడం ఎలా? ప్రభుత్వ కాలేజీ లెక్చరర్ల కోసం

సెలవు చీటీ రాసే ముందు ఆఫీసు రూములోకి వెళ్లి మీ ఎస్ఆర్ (సర్వీసు రిజిస్టర్) ఒకసారి అడిగి తీసుకోండి. సీనియర్ అసిస్టెంట్ విసుక్కుంటే టీ తెప్పించండి గానీ చూడకుండా మాత్రం బయటికి రావద్దు. అందులోంచి మూడు సంగతులు ఒక కాగితం మీద రాసుకోవాలి. చివరి ఇంక్రిమెంట్ ఏ తేదీ నుంచి మంజూరైంది, ఈఎల్, అంటే ఆర్జిత సెలవు, ఎన్ని రోజులు నిల్వ ఉంది, హెచ్‌పీఎల్, అంటే సగం జీతం సెలవు, ఎన్ని రోజులు నిల్వ ఉంది. ఈ మూడూ తెలియకుండా సెలవు పెట్టడం, బ్యాంకులో ఎంతుందో చూడకుండా చెక్కు రాసివ్వడం లాంటిదే.

నేను ఒంగోలు, నెల్లూరు చుట్టుపక్కల కాలేజీల్లో ముప్పై ఏళ్లకు పైగా కామర్స్ చెప్పి రిటైరయ్యాను. విద్యార్థులకు డెబిట్, క్రెడిట్ నేర్పినవాణ్ణే, నా సొంత సెలవు ఖాతా మాత్రం చాలా ఏళ్లు తెరిచి చూడలేదు. దాని ఫలితం తర్వాత చెబుతాను. ఇప్పటికీ కందుకూరు నుంచో, కావలి నుంచో, కనిగిరి నుంచో ఎవరో ఒకరు ఫోన్ చేస్తూనే ఉంటారు. "సార్, నేనూ ఫలానా మేడమూ ఒకే రోజు జాయినయ్యాం, ఆమెకు ఇంక్రిమెంట్ పడింది, నాకు పడలేదు" అని. తవ్వి చూస్తే ఎప్పుడో పెట్టిన ఒక సెలవు దగ్గర తేలుతుంది. సెలవు పెట్టడం వల్ల ఎవరికీ నష్టం రాలేదు. ఆ సెలవుకు ఏ పేరు రాశారో, ఆ పేరు వల్లే వచ్చింది.

ముందు మీ మీటర్లు చూసుకోండి

ప్రభుత్వ లెక్చరర్ ఉద్యోగంలో జీతం పెరగడానికి మూడు మీటర్లు విడివిడిగా తిరుగుతుంటాయి. ఒకటి ఏడాదికోసారి వచ్చే ఇంక్రిమెంట్. రెండోది పై స్కేలు. జూనియర్ కాలేజీ వాళ్లకు ఇది ఆంధ్రప్రదేశ్ వేతన సవరణ (పీఆర్సీ) ప్రకారం 6, 12, 18, 24, 30 ఏళ్లకు వచ్చే ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్. డిగ్రీ కాలేజీ వాళ్లకు యూజీసీ పద్ధతిలో లెవెల్ మారే కెరీర్ అడ్వాన్స్‌మెంట్ స్కీమ్ (సీఏఎస్). మూడోది కొత్తగా చేరినవాళ్లకు మాత్రమే ఉండే ప్రొబేషన్. ఒకే సెలవు ఈ మూడింటి మీదా ఒకేలా పనిచేయదు. ఒక మీటరును ఆపి, ఇంకోదాన్ని ముట్టుకోకుండా వదిలేయవచ్చు. మెటర్నిటీ లీవు పెట్టిన అమ్మాయిని "నీకు ఇంక్రిమెంట్ పోతుందమ్మా" అని బెదరగొట్టేవాళ్లు ఈ మీటర్లన్నీ కలిపేసి మాట్లాడుతున్నారని అర్థం.

కాబట్టి సెలవు అనుకోగానే, ఇది నా ఏ మీటరును తాకుతుంది అని అడగండి.

సెలవు పేరు ఎంచుకోవడం

అసలు కిటుకంతా ఇక్కడే ఉంది, కాస్త నిదానంగా చదవండి.

ప్రభుత్వ ఉద్యోగుల జీతం, సెలవుల గురించిన ఫండమెంటల్ రూల్స్‌లో 26వది ఇంక్రిమెంట్‌కు ఏ సర్వీసు లెక్కకు వస్తుందో చెబుతుంది. సారాంశం ఇంతే: డ్యూటీ చేసిన కాలం లెక్కకు వస్తుంది, జీతం లేని సెలవు తప్ప మిగతా సెలవులన్నీ లెక్కకు వస్తాయి. క్యాజువల్ లీవు డ్యూటీ కిందే లెక్క, దాని గురించి టెన్షన్ అక్కర్లేదు. వేసవి సెలవులూ అంతే. ఈఎల్, హెచ్‌పీఎల్, డాక్టర్ సర్టిఫికెట్ మీద హెచ్‌పీఎల్‌ను రెట్టింపు ఖర్చుపెట్టి పూర్తి జీతంతో వాడుకునే కమ్యూటెడ్ లీవు, 180 రోజుల మెటర్నిటీ లీవు, పిల్లల సంరక్షణ సెలవు, ఇవన్నీ ఇంక్రిమెంట్‌కు లెక్కకు వచ్చేవే. తేదీ ఒక్క రోజు కూడా జరగదు.

జరిగేది ఈవోఎల్, అంటే జీతం లేని అసాధారణ సెలవు, పెట్టినప్పుడు. మన కాలేజీల్లో దీన్నే ఎల్‌వోపీ అంటారు. రూలు ప్రకారం ఈ సెలవు రెండే సందర్భాల్లో ఇవ్వాలి. మీ ఖాతాలో వేరే ఏ సెలవూ లేనప్పుడు, లేదా వేరే సెలవు ఉన్నా మీరే రాతపూర్వకంగా ఈవోఎల్ కావాలని అడిగినప్పుడు. ఈ రెండో సందర్భమే మన గొయ్యి. ప్రిన్సిపాల్ సెలవు ఇవ్వనంటాడేమో అన్న భయంతో, "జీత నష్టమైనను సరే, దయచేసి మంజూరు చేయగలరు" అని మనమే వినయంగా రాసిస్తాం. ఆ ఒక్క వాక్యం చాలు. ఖాతాలో 200 రోజుల హెచ్‌పీఎల్ మురుగుతున్నా, మీరు అడిగారు కాబట్టి ఈవోఎల్ రాస్తారు. వాళ్ల తప్పేం లేదు.

హెచ్‌పీఎల్ గురించి మనవాళ్లకు ఇంకో అపోహ ఉంది, అది జబ్బు చేస్తేనే వాడాలని. కాదు. ఏడాది సర్వీసుకు 20 రోజుల చొప్పున జమయ్యే ఈ సెలవును సొంత పనుల మీద కూడా పెట్టుకోవచ్చు, సగం జీతం వస్తుంది. డాక్టర్ సర్టిఫికెట్ ఇస్తే దాన్నే కమ్యూటెడ్‌గా మార్చి పూర్తి జీతంతో వాడుకోవచ్చు, కాకపోతే ఒక రోజుకు రెండు రోజులు తరుగుతాయి. సర్వీసు మొత్తం మీద ఇలా కమ్యూట్ చేసుకోవడానికి 240 రోజుల పరిమితి ఉంది. మాది వేసవి సెలవులుండే వెకేషన్ డిపార్ట్‌మెంట్ కావడంతో ఈఎల్ పెద్దగా జమకాదు. అందుకే లెక్చరర్‌కు అసలైన ఆస్తి హెచ్‌పీఎల్. 12 ఏళ్ల సర్వీసుకు 240 రోజులు! చాలామంది ఆ ఆస్తిని తాకకుండానే రిటైరవుతారు, మధ్యలో ఈవోఎల్ పెట్టి మరీ.

ఒక ఉదాహరణ చూద్దాం. నెల్లూరులో ఒక జూనియర్ లెక్చరర్ ఉన్నాడనుకోండి. కూతురు పురుడు అమెరికాలో, 90 రోజులు భార్యతో కలిసి వెళ్లాలి. విదేశం వెళ్లడానికి ముందస్తు అనుమతి ఎలాగూ తీసుకోవాలి, అది వేరే ఫైలు. సెలవు మాత్రం ఏది పెట్టాలి? హెచ్‌పీఎల్ పెడితే మూడు నెలలూ సగం జీతం వస్తుంది, ఇంక్రిమెంట్ తేదీ కదలదు. ఈవోఎల్ పెడితే జీతం సున్నా, తేదీ వెనక్కి పోతుంది. ఇంత తేలికైన లెక్కను తప్పు చేసినవాళ్లను నేను కనీసం నలుగురిని చూశాను. వాళ్లలో ఒకాయన ఇందుకూరుపేట వైపు సొంత రొయ్యల చెరువులు చూసుకోవడానికి సెలవు పెట్టాడు. చెరువులో ప్రతి కిలో మేతకూ లెక్క రాసిన మనిషి, తన సెలవు ఖాతా చూసుకోలేదు.

ఈవోఎల్ తప్పకపోతే తేదీ ఎంత జరుగుతుందో లెక్కేయండి

మీ ఇంక్రిమెంట్ సెప్టెంబర్ 1 అనుకుందాం. చేరింది కూడా ఆ తేదీనే. లెక్కకు రాని ఈవోఎల్ ఎన్ని రోజులు పెట్టారో, అన్ని రోజులు ఆ తేదీకి కలపాలి. వచ్చిన తేదీ ఏ నెలలో పడితే ఆ నెల 1వ తేదీ నుంచి ఇంక్రిమెంట్ ఇస్తారు. మన రాష్ట్రంలో నెల మధ్యలో పడ్డ ఇంక్రిమెంట్‌ను ఆ నెల మొదటికి తెచ్చే పద్ధతి ఉంది కాబట్టి.

20 రోజులు పెడితే సెప్టెంబర్ 21. అదే నెల, నష్టం లేదు. 29 రోజులైనా సెప్టెంబర్ 30, ఫర్వాలేదు. 30 రోజులైతే అక్టోబర్ 1, ఒక నెల పోయింది. 40 రోజులైనా అక్టోబర్ 11, అంటే మళ్లీ అక్టోబర్ 1. 90 రోజులు పెడితే నవంబర్ 30, అంటే నవంబర్ 1. అదే 91 రోజులైతే డిసెంబర్ 1. ఆ ఒక్క రోజుకు ఇంకో నెల! అందుకే తిరిగి చేరే తేదీ ఆదివారానికి ముందా, వెనకా అని రైలు టికెట్ దొరికే వీలును బట్టి నిర్ణయించకండి. క్యాలెండర్ దగ్గర పెట్టుకొని రోజులు లెక్కపెట్టండి.

ఒక నెల జరిగితే ఏం పోతుందిలే అంటారా? పీఆర్సీ 2022 స్కేళ్లలో జూనియర్ లెక్చరర్ 57,100 దగ్గర మొదలవుతాడు, తర్వాతి మెట్టు 58,680. అంటే ఇంక్రిమెంట్ 1,580 రూపాయలు, దానిపై డీఏ, హెచ్‌ఆర్ఏ అదనం. ఒక నెల ఆలస్యానికి 1,580 పోయిందని సరిపెట్టుకుంటాం. కానీ తేదీ ఈ ఏడాదికి మాత్రమే జరగలేదు. వచ్చే ఏడాదీ అక్టోబరే, ఆ పై ఏడాదీ అక్టోబరే. ఇంకా 20 ఏళ్ల సర్వీసు ఉంటే ఇరవైసార్లు ఒక్కో నెల ఇంక్రిమెంట్ పోతుంది. మూలవేతనం ఒక్కటే లెక్కవేసినా, ఇంక్రిమెంట్ 1,580 దగ్గరే ఉండిపోయిందనుకున్నా 31,600. నిజానికి మెట్లు ఎక్కేకొద్దీ ఇంక్రిమెంట్ మొత్తం పెరుగుతుంది కాబట్టి నష్టమూ పెరుగుతుంది. రిటైరయ్యే ఏడాదిలో ఈ జరిగిన నెల రిటైర్మెంట్ తేదీకి అవతల పడిందంటే ఆ చివరి ఇంక్రిమెంట్ కూడా చేతికి రాదు.

2004 సెప్టెంబర్ 1న గానీ, ఆ తర్వాత గానీ చేరి కంట్రిబ్యూటరీ పెన్షన్ స్కీమ్ (సీపీఎస్)‌లో ఉన్నవాళ్లకు ఇంకో చిల్లు ఉంది. జీతం లేని నెలలో మీ వాటా, ప్రభుత్వ వాటా రెండూ పడవు. దాని గురించి ఎవరూ చెప్పరు, ఖాతా స్టేట్‌మెంట్ తీస్తే ఖాళీ నెలలు కనిపిస్తాయి.

జబ్బు మీద ఈవోఎల్ అయితే ఆ ఒక్క వాక్యం రాయించుకోండి

వేరే సెలవు ఏదీ మిగలక, నిజంగా జబ్బు చేసి ఈవోఎల్ పెట్టాల్సి వస్తే దారి మూసుకుపోలేదు. అనారోగ్యం వల్ల గానీ, మన చేతిలో లేని కారణం వల్ల గానీ పెట్టిన ఈవోఎల్‌ను ఇంక్రిమెంట్‌కు లెక్కలోకి తీసుకోవచ్చని అదే 26వ రూలు చెబుతుంది. అయితే అది దానంతట అదే జరగదు. ప్రత్యేకంగా ఉత్తర్వు ఉండాలి. ఆరు నెలల వరకు శాఖాధిపతి ఇవ్వవచ్చు, అంతకు మించితే ఫైలు ప్రభుత్వానికి పోవాలి.

చేయాల్సిన పని ఏమిటంటే, దరఖాస్తులోనే "వైద్య ధ్రువపత్రం ఆధారంగా అసాధారణ సెలవు" అని స్పష్టంగా రాయండి. సర్టిఫికెట్ జతచేయండి. చేరేటప్పుడు ఫిట్‌నెస్ సర్టిఫికెట్ ఇవ్వండి. ఆ తర్వాత వెంటనే విడిగా ఇంకో అర్జీ పెట్టండి, ఈ కాలాన్ని ఇంక్రిమెంట్లకు లెక్కించమని. మంజూరు ప్రొసీడింగ్స్‌లో ఈ మాట లేకపోతే, సర్టిఫికెట్ ఎంత పెద్ద ఆసుపత్రిదైనా బిల్లు దగ్గర పనికిరాదు.

ఇప్పుడు నా సంగతి. ఒక వానాకాలం నాకు కామెర్లు వచ్చి 38 రోజులు మంచానపడ్డాను. అప్పుడు నేను పనిచేసే కాలేజీలో నా ఖాతాలో హెచ్‌పీఎల్ వందకు పైగా ఉంది. అయినా పైన చెప్పిన ఆ వినయపు వాక్యం నేనే రాసిచ్చాను. ఎస్ఆర్‌లో "38 రోజులు ఈవోఎల్" అని ఎక్కింది, సర్టిఫికెట్ ప్రస్తావనే లేదు. నాకు తెలిసింది ఏడేళ్ల తర్వాత, పై స్కేలుకు ఫైలు పెట్టినప్పుడు. ఆ డాక్టర్ చీటీ మా ఆవిడ ట్రంకు పెట్టె అడుగున దాచి ఉంచబట్టి సరిపోయింది. ఫైలు తిరిగి తిరిగి ఆ కాలాన్ని లెక్కలోకి తీసుకుంటూ ఉత్తర్వు రావడానికి 14 నెలలు పట్టింది. సెలవు పెట్టిన రోజే పావుగంట కూర్చుని ఎస్ఆర్ చూసుంటే ఈ 14 నెలలు ఉండేవి కావు.

1వ తేదీన ఎక్కడ ఉన్నారు?

ఇదొక చిన్న సంగతి. ఇంక్రిమెంట్ పడాల్సిన రోజున మీరు సెలవులో ఉంటే, క్యాజువల్ లీవు తప్ప అది ఏ సెలవైనా సరే, పెరిగిన జీతం చేరిన రోజు నుంచే వస్తుంది. ఉదాహరణకు ఆగస్టు 20 నుంచి సెప్టెంబర్ 25 వరకు కమ్యూటెడ్ లీవు. సెప్టెంబర్ 26న చేరితే ఆ రోజు నుంచే కొత్త జీతం, 25 రోజుల తేడా పోయినట్టే. కానీ తేదీ మాత్రం సెప్టెంబర్ 1గానే ఉంటుంది, వచ్చే ఏడాది ఏ గొడవా లేదు. మెటర్నిటీ లీవులో ఇంక్రిమెంట్ పడినా ఇదే పద్ధతి. ఆ రోజు క్యాజువల్ లీవైతే 1 నుంచే వస్తుంది. మే 1న ఇంక్రిమెంట్ ఉండి వేసవి సెలవుల్లో ఇంట్లో మామిడికాయలు కోస్తున్నా 1 నుంచే వస్తుంది.

సెలవులో ఉన్నప్పుడు పడని ఈ కొన్ని రోజుల తేడాను చూసి "ఇంక్రిమెంట్ ఆపేశారు" అని ఫోన్లు చేస్తుంటారు. ఆపలేదు. చేరాక ఇంక్రిమెంట్ సర్టిఫికెట్ మీద ఏ తేదీ రాశారో చూసుకోండి, చాలు. పొరపాటున చేరిన తేదీనే కొత్త ఇంక్రిమెంట్ తేదీగా ఎస్ఆర్‌లో రాసేస్తే మాత్రం అప్పుడు గొడవ చేయాలి.

డిగ్రీ కాలేజీ వాళ్లు: సీఏఎస్ మార్కుల్లో సెలవు తీసేయించండి

యూజీసీ 2018 జులైలో ఇచ్చిన నిబంధనల ప్రకారం అసిస్టెంట్ ప్రొఫెసర్ లెవెల్ 10లో 57,700 దగ్గర మొదలవుతాడు. పీహెచ్‌డీ ఉంటే 4 ఏళ్లకు, ఎంఫిల్ ఉంటే 5 ఏళ్లకు, ఏదీ లేకపోతే 6 ఏళ్లకు లెవెల్ 11, అంటే 68,900 స్కేలు. అక్కడినుంచి 5 ఏళ్లకు లెవెల్ 12. అది 79,800తో మొదలవుతుంది. ఆ పైన 3 ఏళ్లకు 13ఏ, అది 1,31,400 దగ్గర మొదలవుతుంది. కోర్సులు, పరిశోధన లాంటి షరతులు ఎలాగూ ఉంటాయి. ప్రతి ఏడాదీ పనితీరు గ్రేడు కూడా కావాలి. లెవెల్ 10 నుంచి 11కు పోవాలంటే 4 ఏళ్లలో కనీసం 3, లేదా 5లో 4, లేదా 6లో 5 ఏళ్లు సంతృప్తికరం గానీ, మంచి గానీ అని ఉండాలి.

సెలవు కాటేసేది ఈ గ్రేడు దగ్గరే. బోధన గ్రేడు ఇలా లెక్కిస్తారు: మీకు కేటాయించిన క్లాసుల్లో మీరు చెప్పినవి 80 శాతం గానీ, అంతకు మించి గానీ ఉంటే మంచి, 70 నుంచి 80 లోపు సంతృప్తికరం, 70 కన్నా తక్కువైతే అసంతృప్తి. ఒక మేడమ్‌కు ఏడాదికి 420 క్లాసులు ఉన్నాయనుకోండి. ఆరు నెలల మెటర్నిటీ లీవులో సగం క్లాసులు పోయాయి. మిగిలిన 210లో ఆమె 190 చెప్పింది. ఫారం నింపేవాళ్లు 420తో భాగించారంటే 45 శాతం, ఏడాది మొత్తం అసంతృప్తి కింద పోతుంది. 210తో భాగిస్తే 90 శాతం, మంచి గ్రేడు.

రెండో లెక్కే సరైనది. యూజీసీ నిబంధనల్లోనే ఇది రాసి ఉంది. మెటర్నిటీ లీవు, పిల్లల సంరక్షణ సెలవు, స్టడీ లీవు, మెడికల్ లీవు, ఈవోఎల్, డెప్యుటేషన్, ఈ కాలాలను గ్రేడు లెక్కలోంచి తీసేసి, పనిచేసిన కాలానికి వచ్చిన ఫలితాన్నే మొత్తం కాలానికి విస్తరించాలి. పాఠాలు చెప్పలేదన్న కారణంతో సీఏఎస్‌లో ఆ టీచరుకు నష్టం జరగకూడదు. ఒకే షరతు: ఆ సెలవుకు అధికారి నుంచి ముందే అనుమతి ఉండాలి. "ముందే" అన్న మాటను గీత గీసి పెట్టుకోండి. తిరిగొచ్చాక తెప్పించుకున్న మంజూరుతో ఈ రక్షణ అడగడం కష్టం. ప్రసవం లాంటివి ముందే తెలుస్తాయి కాబట్టి, పుట్టింటికి బయలుదేరేలోపే దరఖాస్తు పెట్టి, ఇన్‌వర్డ్ నంబరు వేయించుకోండి.

తమాషా ఏమిటంటే ఆ వాక్యంలో వీటన్నిటినీ "జీతంతో కూడిన సెలవులు" అని పిలిచి, అదే జాబితాలో ఈవోఎల్‌ను కూడా కలిపారు! దాన్ని పట్టుకొని కొందరు ఈవోఎల్ కాలం కూడా సర్వీసు ఏళ్లలో పూర్తిగా వస్తుందని అనుకుంటున్నారు. నా ఉద్దేశంలో ఆ వాక్యం మీ గ్రేడును కాపాడుతుంది, అంతవరకే. సొంత పనుల మీద పెట్టిన ఈవోఎల్‌కు 4 ఏళ్లు, 5 ఏళ్లు అన్న కాలం కూడా దాన్నిబట్టే పూర్తవుతుందని ధీమా పెట్టుకోవద్దు. జూనియర్ కాలేజీ ఆటోమేటిక్ అడ్వాన్స్‌మెంట్‌లో అయితే సందేహమే లేదు. ఇంక్రిమెంట్‌కు లెక్కకు రాని కాలం అక్కడా లెక్కకు రాదు. 6 ఏళ్లు నిండే తేదీ కూడా అన్ని రోజులు వెనక్కి పోతుంది. అంటే ఒకే సెలవు రెండు మీటర్లనూ ఒకేసారి ఆపింది.

కాలేజీలో నాణ్యత వ్యవహారాలు చూసే ఐక్యూఏసీ కోఆర్డినేటర్‌కు ఫారం ఇచ్చేటప్పుడు సెలవు మంజూరు కాగితం, ఆ సెమిస్టర్ టైంటేబుల్, సెలవుకు ముందు వెనకల మీ క్లాసు రిజిస్టర్ పేజీలు జతచేసి, శాతం ఎలా వచ్చిందో మీరే ఒక లైనులో లెక్క రాసి ఇవ్వండి. ఎవరో లెక్కవేస్తారులే అనుకోకండి. ఆ కోఆర్డినేటర్‌కు మీ ఒక్కరి ఫారమే కాదు, కాలేజీకి గ్రేడు ఇచ్చే న్యాక్ పని కూడా నెత్తిమీద ఉంటుంది.

పీహెచ్‌డీకి సెలవు పెట్టాలా, వద్దా?

మన జిల్లాల్లో ఎక్కువమంది ఉద్యోగం చేస్తూనే పీహెచ్‌డీ చేస్తారు. ఒంగోలు వాళ్లు నాగార్జున యూనివర్సిటీకి, నెల్లూరు వాళ్లు తిరుపతికి లేదా కాకుటూరులో ఉన్న విక్రమ సింహపురి యూనివర్సిటీకి తిరుగుతారు. ఏ రకం సెలవూ పెట్టకుండా పాఠాలు చెబుతూనే పరిశోధన చేసిన కాలాన్ని ప్రమోషన్‌కు బోధన అనుభవంగా లెక్కిస్తారని యూజీసీ నిబంధనలు చెబుతున్నాయి. కష్టమే అయినా ఆదివారాలు, వేసవి సెలవులు వాడుకొని పూర్తిచేయగలిగితే మీ ఏ మీటరూ ఆగదు.

పూర్తికాలం కూర్చోవాల్సిందే అనుకుంటే స్టడీ లీవు. యూజీసీ పద్ధతిలో 3 ఏళ్ల సర్వీసు నిండాక, మొదట 2 ఏళ్లు, అవసరమైతే ఇంకో ఏడాది. కాలేజీ అధ్యాపకుల్లో 20 శాతం వరకు మాత్రమే ఒకేసారి పంపుతారు, కాబట్టి మీ వంతు ఎప్పుడో ముందే కనుక్కోండి. తిరిగి చేరాక మధ్యలో రావాల్సిన ఇంక్రిమెంట్లన్నీ కలిపి జీతం సరిచేస్తారు గానీ ఆ కాలానికి ఎరియర్స్ ఇవ్వరు. బాండు కూడా రాసివ్వాలి. పైగా, మీ ఎస్ఆర్‌లో ఎక్కేది రాష్ట్ర ప్రభుత్వ ఉత్తర్వే కాబట్టి, మంజూరు కాగితంలో "ఇంక్రిమెంట్లకు లెక్కించబడుతుంది" అన్న మాట వెతకండి. లేకపోతే బయలుదేరేముందే అడగండి.

ఓరియెంటేషన్, రిఫ్రెషర్ కోర్సులు సెలవు కావు, ఆన్ డ్యూటీ. అయినా ఆ ఓడీ ఉత్తర్వు కాపీ ఎస్ఆర్‌లో లేక, 21 రోజులూ గైర్హాజరుగా కనిపించిన కేసు ఒకటి చూశాను. తిరిగొచ్చిన మర్నాడే హాజరు సర్టిఫికెట్‌తో పాటు ఆఫీసులో ఇవ్వండి.

ప్రొబేషన్‌లో ఉన్నవాళ్లకు

కొత్తగా చేరినవాళ్లు 3 ఏళ్ల వరుస కాలంలో 2 ఏళ్లు డ్యూటీ చేయాలి. ఇక్కడ మాత్రం సెలవు డ్యూటీ కాదు. 180 రోజుల మెటర్నిటీ లీవు పెడితే ప్రొబేషన్ పూర్తయ్యే తేదీ అన్ని రోజులు వెనక్కి పోతుంది, ఇంక్రిమెంట్ తేదీ మాత్రం కదలదు. ఈ రెండూ కలిపి చూసి కంగారుపడకండి. ప్రొబేషన్ డిక్లరేషన్ ఫైలు పెట్టేటప్పుడు డ్యూటీ రోజులు మీరే లెక్కవేసి ఇస్తే ఫైలు వెనక్కి రాకుండా ఉంటుంది.

చెప్పకుండా మానేస్తే

దీని మీద ఎక్కువ చెప్పడానికేం లేదు. మంజూరు లేని గైర్హాజరు ఇంక్రిమెంట్‌కు రాదు, ఏడాది దాటితే ఉద్యోగానికి రాజీనామా చేసినట్టే భావించే రూలు మన రాష్ట్రంలో ఉంది. మానేసిన కాలాన్ని తర్వాత ఈవోఎల్‌గా మార్చే అధికారం సెలవు మంజూరు చేసే అధికారికి ఉంది కాబట్టి, ఆలస్యమైనా దరఖాస్తు పెట్టండి. సెలవు ముగిసినా తిరిగి రావడం కుదరక ఆగిపోతే, వాట్సాప్ మెసేజ్ మీద ఆధారపడకుండా రిజిస్టర్ పోస్టులో పొడిగింపు దరఖాస్తు పంపి, రసీదు దాచుకోండి. ముఖ హాజరు యాప్‌లో పడని రోజులను కూడా నెలాఖరులోపే సెలవు కింద సర్దించుకోవాలి. లేదంటే ఆ నెల జీతం బిల్లులో అవి ఎల్‌వోపీ అవుతాయి.

తిరిగి చేరాక చేయాల్సినవి

జాయినింగ్ రిపోర్టు ఇచ్చేసి క్లాసుకు వెళ్లిపోతాం, మన పని అయిపోయిందనుకుంటాం. అప్పటికి సగమే అయింది. నెల రోజుల్లోపు మంజూరు ప్రొసీడింగ్స్ కాపీ చేతికి రావాలి. ప్రిన్సిపాల్ స్థాయిలో ఆగని సెలవులైతే ఫైలు రీజనల్ జాయింట్ డైరెక్టర్ (ఆర్జేడీ) ఆఫీసుకో, కమిషనరేట్‌కో పోతుంది. ఫార్వర్డ్ చేసిన లెటర్ నంబరు రాసిపెట్టుకోండి, తర్వాత ఫోన్‌లో అడగాలన్నా అదే పనికొస్తుంది. ప్రొసీడింగ్స్ వచ్చాక ఎస్ఆర్‌లో నాలుగు చోట్ల చూడాలి: సెలవు రకం, తేదీలు, సెలవు ఖాతాలో తరిగిన రోజులు, తర్వాతి ఇంక్రిమెంట్ తేదీ. ఈ నాలుగో దాన్ని ఖాళీగా వదిలేయడం మన ఆఫీసుల్లో మామూలే.

ఎక్కడైనా తప్పు ఉంటే కోపంతో వెళ్లకండి. ఒక పేజీ అర్జీ రాయండి. ఫలానా తేదీ నుంచి ఫలానా తేదీ వరకు ఫలానా సెలవు, ఆ రోజు ఖాతాలో నిల్వ ఇంత, రాసింది ఇది, రాయాల్సింది ఇది. ఎస్ఆర్ పేజీ జెరాక్సు, ప్రొసీడింగ్స్, డాక్టర్ సర్టిఫికెట్ జతచేయండి. సెలవు రకాన్ని మార్చమని కోరాల్సింది ఉద్యోగే. అధికారి తనంతట తాను మార్చడు. అర్జీని ప్రిన్సిపాల్ ద్వారానే పంపండి, నేరుగా పైకి పంపితే అది మళ్లీ కిందికే వస్తుంది, మధ్యలో రెండు నెలలు పోతాయి.

సవరించిన ఉత్తర్వు వచ్చాక తేడా డబ్బు దానంతట అది ఖాతాలో పడదు. తీసుకోవాల్సింది ఎంత, తీసుకున్నది ఎంత అని నెలనెలా చూపే డ్యూ డ్రాన్ స్టేట్‌మెంట్ తయారుచేసి జీతాల బిల్లులు పెట్టే అధికారి (డీడీవో) సంతకంతో ఎరియర్స్ బిల్లు పెట్టించాలి. ఆ స్టేట్‌మెంట్ మీరే తయారుచేసి పెన్‌డ్రైవ్‌లో ఇస్తే పని వారంలో అవుతుంది, వాళ్లకు వదిలేస్తే పీఆర్సీ ఎరియర్స్‌తో కలిపి చూద్దాం అంటారు. డీఏ మారిన నెలలు జాగ్రత్త, ట్రెజరీలో అభ్యంతరం పెట్టేది ఎక్కువగా అక్కడే.

ఇంకొకటి. గిద్దలూరు నుంచి నెల్లూరుకు బదిలీ అయితే ఎస్ఆర్ మీకంటే వెనక వస్తుంది, ఒక్కోసారి చాలా వెనక. రిలీవ్ అయ్యే రోజున చివరి జీతం సర్టిఫికెట్ (ఎల్‌పీసీ) కోసం ఎలాగూ ఆఫీసులో కూర్చోవాల్సిందే కదా. ఆ గంటలోనే సెలవు ఖాతా పేజీలు, ఇంక్రిమెంట్ల పేజీలు ఫోన్‌లో ఫోటో తీసుకోండి. ప్రతి ఎంట్రీ కింద సంతకం, తేదీ, స్టాంపు మూడూ ఉన్నాయా లేదా చూసుకొని, లేని చోట ఆ రోజే వేయించుకోండి. ఆ ప్రిన్సిపాల్ కూడా వచ్చే ఏడాదికి అక్కడ ఉండకపోవచ్చు.